మా ఊరి దెయ్యం హిసానో

ఆ గోడమీద ఫొటోనా? హిసానో. పోయి ముప్పయ్యేళ్ళు దాటింది. కూర్చో, చిన్న ముచ్చటే, రెండు మాటల్లో అయిపోతుంది. పక్కూరివాళ్ళు తమకో మంత్రి ఉన్నాడని తెగ మిడిసిపడతారు చూడు, దేశంలో మంత్రులకేం కరువు? మాకు దెయ్యం ఉంది. అప్పట్లో వేసవి వచ్చిందంటే ఊరూరా దెయ్యం సినిమాలే, వెన్నులో చలి పుడితే ఉక్క తెలీదని. దోమతెర అవతల జుట్టు విరబోసుకుని నిలబడేది మా హిసానోయే. క్యోటో స్టూడియోల్లో పదకొండేళ్ళలో ఇరవై ఆరుసార్లు చచ్చింది. ఒక్కసారీ మామూలుగా చావలేదు. నేనప్పుడు ఇక్కడి హాల్లో టికెట్లు చింపేవాణ్ణి. మంగలి గెంజో ఉన్నాడే, ఆ పిల్ల తెరమీదికి రాగానే కళ్ళు మూసుకునేవాడు, బయటికొచ్చాక అందరికంటే ఎక్కువ కథ చెప్పేవాడు. వాళ్ళబ్బాయీ అంతే, మొన్న నా గడ్డం గీస్తూ... సరే, అది కాదులే.

సినిమాకి రానిదల్లా హిసానో వాళ్ళమ్మ. తొమెత్త, ఎండుచేపలు అమ్మేది. హిసానో కొత్త సంవత్సరానికి ఇంటికొచ్చి, "ఈసారైనా చూడవే అమ్మా" అనేది.

"ఇందులోనూ చస్తావా?"

"చస్తాను."

"అయితే రాను. నా కూతురు శవాన్ని నేను టికెట్టు కొనుక్కుని చూడాలా? బతికున్నదాని వేషం వెయ్యి, అప్పుడొస్తా."

పన్నెండో ఏడు హీరోయిన్ వేషం ఇచ్చారు. కొత్త పెళ్ళికూతురు, ఆఖరిదాకా బతికే ఉంటుంది. తొమెత్త మంచి కిమోనో కట్టుకుని ముందు వరసలో కూర్చుంది. హాలంతా తెర వదిలేసి ఆవిణ్ణే చూస్తోంది. హిసానో అన్నం వండింది, నవ్వింది, అంతా బాగానే ఉంది. ఇంతలో మొగుడొస్తున్నాడని పక్కమీంచి లేచి, గబగబా కిమోనో చుట్టుకుని వానలోకి పరిగెత్తింది. కుడి అంచు పైకేసి కట్టింది! మీరంతా ప్యాంట్లవాళ్ళు, మీకేం తెలుస్తుంది, అలా కట్టేది శవానికేనయ్యా. పదకొండేళ్ళ అలవాటు, చేతులు వాటంతటవే కట్టేశాయి. సినిమా తీసినవాళ్ళకీ తేడా కనబడలేదు, వాళ్ళు ఆ పిల్లని ఇంకోలా ఎప్పుడు చూశారు గనక!

"అయ్యో, చచ్చిపోయిందిరోయ్!" అని గెంజో అరిచాడు. ఇంక చూస్కో, మొగుడి పీక ఎప్పుడు నొక్కుతుందా అని హాలంతా గంటసేపు ఊపిరి బిగబట్టింది. హిసానో చక్కగా కొడుకుని కని, సుఖంగా కాపరం చేసుకుంది. సినిమా అయిపోయింది. "ఆఖరి రీలు ఎక్కడ దాచావురా?" అని గెంజో నా కాలరు పట్టుకున్నాడు.

తొమెత్త మాత్రం కదల్లేదు. నేను చీపురుతో వచ్చాకే లేచింది. మర్నాడు మూట సర్దుకుని క్యోటో రైలెక్కింది. కూతుర్ని రెక్కపట్టి ఈడ్చుకొస్తుందని అందరం అనుకున్నాం. గెంజో షాపు మూసుకుని స్టేషన్లో మూడ్రోజులు కాశాడు. ఎవరూ దిగలేదు.

నెల తిరిగాక తొమెత్త దగ్గర్నుంచి నాకో కార్డుముక్క వచ్చింది. "ఇది బతికున్న మనిషిలా కట్టుకోవడం మర్చిపోయింది. సాయంత్రం విప్పి సరిగ్గా కట్టేవాళ్ళు పక్కనుండాలి. నా చేపలు నువ్వు తినెయ్."

హిసానో మళ్ళీ దెయ్యాలే వేసింది, ఇంకో పందొమ్మిది. వాటన్నిటికీ పొద్దున్నే శవం కట్టు కట్టింది తొమెత్తే, పని అవగానే విప్పి మామూలుగా కట్టిందీ ఆవిడే. అప్పట్నించీ తెరమీద మా ఊరివాళ్ళ పేర్లు రెండు పడేవి.