ఇసాక్ మామ విందులో ఇచ్చిన కెటిల్

కట్టెలు తడిసిపోతే ఇంకెలా అంటుకుంటాయయ్యా? వారం నుంచి వదలని ముసురు. నువ్వుంటే దేవదారు పేళ్ళు చీల్చి చిటికెలో రాజేసేవాడివి. ఇప్పుడేమో నువ్వు రాయి కింద హాయిగా పడుకున్నావు, నేను నీ రాయి పక్కన మోకాళ్ళ మీద కూర్చుని ఊదుకుంటున్నాను.

ఆఁ, అంటుకుంది. ఉండు, ముందు నీ వాటా. పొగబెట్టిన సాల్మన్ ముక్క, తోకవైపుది, నీకిష్టమని. నిప్పులో వేస్తే పోయినవాళ్ళకి చేరుతుందని మా అమ్మ చెప్పేది. చేరిందా? ఉప్పెక్కువైందనకు. ముప్పై ఏడేళ్ళు అన్నావు, చాలు.

చూడు ఆంబ్రోస్, నీకో సంగతి చెప్పాలి. కోపం తెచ్చుకోకు. అసలు దీనంతటికీ కారణం మీ అక్క.

ఏం, అనకూడదా? అంటాను. లావినా వదిన మొన్న మంగళవారం మనింటికొచ్చింది. నువ్వు పోయాక ఈ తొమ్మిదేళ్ళలో మన గుమ్మం తొక్కడం అదే మొదలు. రెయిన్‌కోటు కూడా విప్పకుండా కుర్చీలో కూలబడి, టీ తాగుదామని వచ్చానంది. ఆవిడింట్లో టీ లేకనా? ఎందుకొచ్చిందో నాకు తెలీదూ? కెటిల్ చూడ్డానికి.

నేనేం తక్కువ తిన్నానా? కిటికీలోంచి ఆ పసుపు కోటు కనపడగానే కెటిల్ తీసుకెళ్ళి మంచం కిందకి తోసేశాను. గిన్నెలో నీళ్ళు కాచిచ్చాను. తాగింది. రెండు కప్పులు తాగింది. లేచి తలుపు దాకా వెళ్ళి, "గిన్నెలో కాచినా బాగానే ఉంది కోరా" అని వెళ్ళిపోయింది. ఆ రాత్రి నాకు నిద్ర పడితే ఒట్టు.

ఏ కెటిల్ అంటావేంటి? చచ్చిపోయాక మతిమరుపు కూడా వచ్చిందా నీకు? నీలం ఎనామిల్‌ది! మన పెళ్ళయిన ఏడాది మీ ఇసాక్ మామ వంశానికి పెద్దగా కొత్త పేరు తీసుకుంటూ విందు పెట్టలేదూ? మీ డేగ వంశంవాళ్ళు పెట్టిన విందు కాబట్టి మా కాకి వంశంవాళ్ళందరం అతిథులం. తిన్నాం, ఆడాం, మీవాళ్ళ పాటలు విన్నాం. అప్పుడాయన లేచి నిలబడి అంతమంది ముందూ ఏమన్నాడు? మోకాలివాగు మా ఇంటిది అన్నాడు. నా మేనల్లుడు ఆంబ్రోస్ పెళ్ళాం కాకుల పిల్ల అయినా సరే, వాడు బతికున్నన్నాళ్ళూ ఆ వాగు ఒడ్డున చేపలు పొగబెట్టుకోవచ్చు అన్నాడు.

అని ఊరుకున్నాడా? విన్నవాళ్ళందరికీ తలా ఒకటీ పంచాడు. మా పెద్దమ్మకి దుప్పటి, మా మామయ్యకి లాంతరు, నాకు కెటిల్. మన హైదా జాతివాళ్ళలో విందు కానుక తీసుకుంటే ఆ మాట విన్నట్టే. విన్నాక, ఎవరైనా అడిగితే చెప్పి తీరాలి. నాకప్పటికి ఇరవై ఏళ్ళు. మూత తళతళలాడుతోందని మురిసిపోయానే గానీ, నలభై ఆరేళ్ళు టీతోపాటు సాక్ష్యం కూడా కాచుకుంటానని అనుకున్నానా?

సరే, నువ్వు పోయావు. మొదటి ఏడు మీ అక్క ఏమీ అనలేదు. రెండో ఏడు, వాగు ఒడ్డున మనం చేపలు పొగబెట్టే పొగగది ఎప్పుడు తీసేస్తున్నావని కబురు పెట్టింది. నేనెందుకు తీస్తాను, ఆ వాగు మా కాకులదే, మా ముత్తవ్వ అక్కడ జారిపడి మోకాలు విరగ్గొట్టుకుంటేనే ఆ పేరొచ్చిందని తిరుగు కబురు పంపాను.

నవ్వకు. మా ముత్తవ్వ మోకాలు ఎప్పుడూ విరగలేదు. పోయే ముందు వారం కూడా నిచ్చెనెక్కి చేపలు ఆరేసింది.

అప్పట్నుంచీ ప్రతి ఏడూ ఇదే తంతు. ఆవిడో కబురు, నేనో కబురు. ప్రతిసారీ ముత్తవ్వకి ఇంకోచోట దెబ్బ తగిలేది. ఇంకో పదేళ్ళు ఇలాగే సాగుండేది. మధ్యలో ఈ కోర్టు గొడవ వచ్చిపడింది.

వాగు పైన చెట్లన్నీ కొడతామని ఎవరో వచ్చారయ్యా. ఆ చెట్లు పోతే కొండ మీది మట్టంతా వాగులోకే. ఆ తర్వాత చేప మొహం చూస్తామా? ఆపండంటే, భూమి మీదేనని రుజువు చెయ్యండని సర్కారువాళ్ళు అంటారట. మన తరఫున వాంకూవర్ నుంచి ఓ కుర్ర లాయరొచ్చాడు, ట్రెవరని. మర్యాదస్తుడే గానీ తిండి తిననట్టుంటాడు. ఏ వాగు ఎవరిదో రాసుకోవాలని నిన్న ఊరి హాల్లో అందర్నీ కూర్చోబెట్టాడు.

మోకాలివాగు ఎవరిదని అడిగాడు. మాదని మీ అక్క. మాదని నేను. ఇద్దరం ఒక్కసారే అన్నాం.

పాపం, నుదురు రుద్దుకున్నాడు. మీలో మీరే తేల్చుకోకపోతే అవతలి లాయర్లు అది ఎవరిదీ కాదని రాసుకుంటారమ్మా అన్నాడు. కాయితమేదైనా ఉందా అన్నాడు. మీ అక్క నా వైపు చూడనైనా చూడలేదు. కిటికీలోంచి వాన చూస్తూ, "ఆనాటి విందులో కూర్చున్నవాళ్ళు ఎవరైనా మిగిలుంటే వాళ్ళే చెబుతారు బాబూ" అంది.

ఎవరు మిగిలారు? దుప్పటి పెద్దమ్మ లేదు. లాంతరు మామయ్య లేడు. నేను నోరు విప్పకపోతే మీ అక్క మాటకి దిక్కెవరు? వాగు నాకే మిగిలేది. కాకపోతే ఎండిపోయిన వాగు మిగిలేది. ఆ సంగతి ఆవిడకీ తెలుసు. అయినా నన్ను బతిమాలలేదు, నా అబద్ధాన్ని నలుగురిలో పెట్టి పరువు తియ్యలేదు. అలా వాన చూస్తూ కూర్చుంది, అంతే. తిట్టినా బావుండేది.

ఉండండి ఇప్పుడే వస్తానని లేచి ఇంటికెళ్ళాను. ఈ వయసులో మంచం కిందకి పాకాను. బూజుతో సహా కెటిల్ తెచ్చి ఆ బల్ల మీద పెట్టాను. ట్రెవర్ టీకి విరామం అనుకుని కప్పు పట్టుకొచ్చాడు! కూర్చో నాయనా, ఇది తాగేది కాదు, రాసుకునేదన్నాను.

చెప్పేశాను. మామ ఏమన్నాడో, ఎక్కడ నిలబడి అన్నాడో, ఏం కప్పుకున్నాడో, ఎవరికేం పంచాడో, అంతా. ముత్తవ్వ మోకాలు కూడా బాగు చేసేశాను.

నోటికి ఊపొచ్చింది కదా, ఆగలేదు. ఆ సర్కారువాళ్ళని నా మాటగా ఇది అడుగు అన్నాను. ఈ దీవులు తనవని సముద్రం అవతలి రాణిగారు అనుకున్నరోజు విందెవరు పెట్టారు? ఎవర్ని పిలిచారు? ఎవరికేం పంచారు? ఒక్క కెటిల్ చూపించమను, ఇంకేమీ అడగనన్నాను. హాలంతా బల్లలు చరిచారయ్యా. నువ్వుండాల్సింది.

అప్పుడు లేచింది మీ అక్క. "కోరా బతికున్నన్నాళ్ళూ ఆ పొగగది అక్కడే ఉంటుంది" అంది, అందరికీ వినపడేలా. అని, సంచీలోంచి నిల్వపెట్టిన చేప సీసా తీసి ట్రెవర్ చేతిలో పెట్టింది. లాయర్లు కానుకలు తీసుకోకూడదండీ అంటాడు వాడు. తీసుకోకపోతే ఆవిడ ఆ మాట అననట్టేరా, తీసుకో అని హాలంతా కేకలు. చెవులు ఎర్రబడిపోయి తీసుకున్నాడు. వాడూ ఇరుక్కున్నాడు, ఇంక చచ్చేదాకా సాక్షే.

అంతా బాగానే తేలింది కదా, ఈ ఏడుపెందుకంటావా? ఏడుపు కాదు, పొగ.

సరే, ఏడుపే. నీ దగ్గర దాచేదేముంది?

వాగు నాకెందుకయ్యా? చేపలు ఇంకోచోట దొరకవా? మామ అన్నది "వాడు బతికున్నన్నాళ్ళూ" అని. నేను అక్కడికి వెళ్ళడం మానేస్తే దాని అర్థమేంటి? నువ్వు లేవని ఒప్పుకున్నట్టు. ఈ రాయి నిలబెట్టినరోజు ఒప్పుకోలేదు నేను. నీ పేరున విందు పెట్టి నలుగురికీ పంచినరోజూ ఒప్పుకోలేదు. ఏటా ఆ పొగగది తలుపు తీసి లోపలికెళితే, నువ్వు ఇంకా వలతో వెనక వస్తున్నట్టే ఉండేది. అందుకు ఆడాను అబద్ధం. ఇన్నేళ్ళూ అందుకే ఆడాను.

చివర్లో ట్రెవర్ కలం తీసి మెల్లిగా అడిగాడు, మీవారు ఎప్పుడు పోయారమ్మా, రాసుకోవాలి అని. మీ అక్క వచ్చి నా పక్కన కూర్చుంది. చెప్పాను. సంవత్సరం, నెల, తారీఖు.

కోర్టు కాయితంలోకి ఎక్కేశావు, ఇంక నేను చెయ్యగలిగిందేమీ లేదు. ఇదిగో నీ టీ, నిప్పులో పోస్తున్నాను, వేడిగా ఉంది, చూసుకుని తాగు. కెటిల్‌లో కాచిందేలే.