దాలమ్మ జాడీలు, ఉయ్యాల తాడు

వైశాఖ బహుళ పంచమి, శనివారం, పొద్దు బారెడెక్కి పారమ్మ గంజి వారుస్తున్న వేళ. అప్పుడొచ్చి గడపలో నిలబడ్డాడంట ఆమె మొగుడు, తండేలు అసిరయ్య. తండేలంటే ఓడ నడిపే పెద్ద, ఎరగని వాళ్ల కోసం చెప్తన్నాను. మాఘంలో రంగం, అదే రంగూన్, వెళ్లిన ఓడ, ఇప్పటికి రేవు చేరింది. వచ్చిన మనిషి కాళ్లు కడుక్కోలేదు, మనవరాలి ఉయ్యాల వంక చూడలేదు. "ఏటయ్యా, అలాగున్నావు?" అందంట పారమ్మ. దాలమ్మ జాడీలు పోయాయన్నాడంట. ఎన్ని అంటే, "నలభయ్యీనే" అని గోడకి ఆనుకుని కూలబడ్డాడు. దాలమ్మంటే ఆ వీధి చివరి ముసలామె, నా అన్నవాళ్లు లేరు. ఏడాదికోసారి ఆవకాయ పెట్టి, జాడీల మూతికి గుడ్డతో వాసెన కట్టి, రంగంలో పనికెళ్లిన మనవాళ్ల కోసం ఓడలో పంపేది. ఆ జాడీలు పోతే ఆమె ఏడాదంతా పోయినట్టే అనుకో.

ఇక్కడ వాళ్ల కట్టుబాటొకటి చెప్పాలి, వినండి. గాలివానకి ఓడ మునిగేలా ఉంటే తండేలు కొంత సరుకు తన చేత్తో సముద్రంలో పారేస్తాడు. దానివల్లే మిగతా సరుకు దక్కింది గనక ఆ నష్టం అందరూ తలా కొంత మోస్తారు. అలా కాక కెరటం దానంతటదే లాక్కుపోతే, సరుకు గలవాళ్లే గంగమ్మకి దణ్ణం పెట్టుకుని ఊరుకోవాల. తండేలు కట్టిన కట్టు బాగోక పోయిందా, అది తండేలే ఇచ్చుకోవాల. మరి నడిసముద్రంలో జరిగింది ఒడ్డు మీద వాళ్లకెలా తెలుస్తది? అందుకని తెరచాప కొయ్యకి పసుపు రాసిన తాడొకటి ఉండేదంట. ఒక్కో సరుకు పారేసే ముందు తండేలు ఆ తాడుకి ఒక్కో ముడి వెయ్యాల. చేతులు కొంకర్లు పోతున్నా సరే, ముడి పడ్డాకే పారెయ్యాల. ఆ తాడు పట్టుకుని చెప్పాడంటే గంగమ్మ మీద ఒట్టేసినట్టే.

ఆ సాయంత్రమే రేవులో పెద్దలు కూచుంటారు, తాడు తెమ్మన్నారంట. పారమ్మ ఆయన భుజాన ఉన్న ఆ తాడు దండెం మీద వేద్దామని అందుకుని, ఊరికే చేత్తో తడిమింది. ముప్పై ముడులు ఉప్పు పేరుకుని రాళ్లలా ఉన్నాయి. చివరి పది మెత్తగా, వేలు పెడితే సందిస్తన్నాయి. ఓడలోళ్ల ఇంట పుట్టిన మనిషి, ఆమెకి తెలీదా? అరవలేదు. పక్కన కూచుని, "ఇవి ఒడ్డున వేసినవి కదయ్యా" అందంట మెల్లిగా. ఏమైందంటే, గాలివానలో ముప్పై జాడీలు నిజంగానే ముడేసి పారేసాడు. పదింటికి మాత్రం కట్టు తెగింది, కెరటం తోసుకుపోయింది. కళాసులంతా అడుగున నీళ్లు తోడతన్నారు, చూసింది ఈయనొక్కడే. "పాత తాడు కట్టానే, కొత్తది చాల్లేదు" అన్నాడు. ఎందుకు చాల్లేదయ్యా, చుట్టలు చుట్టలు తెచ్చావు గదా అంటే, తల పైకెత్తాడంట. ఆమె కూడా ఎత్తింది. దూలానికి ఉయ్యాల, ఉయ్యాలకి కొత్త తాడు. మనవరాలిని ఉయ్యాల్లో వేసేనాడు, పాత తాడైతే నేనొప్పనని పట్టుబట్టింది పారమ్మే. ఆయన నవ్వుతా ఓడ తాడే కోసిచ్చాడు.

పారమ్మ ఉయ్యాల ఊపడం మొదలెట్టింది. "దాలమ్మకి నిండాలని వేసానే ఆ పది" అన్నాడాయన. "నిండుతాయి. మన తప్పుకి ఊరోళ్లెందుకు నింపాల, మనం నింపుదాం." "కట్టు చేతకానోణ్ణి ఇంక తండేలంటారా? ఓడ చేతికిస్తారా?" అదీ ఆయన భయం. పారమ్మ ఆయన చెయ్యి తన ఒళ్లోకి తీసుకుని, "గంగమ్మ నిన్ను ఇంటికి తెచ్చింది. ఆమె తాడుకి అబద్ధం కట్టి, మళ్లీ ఆమె మీదకి ఏ మొహంతో ఓడ తోస్తావు?" అందంట.

సాయంత్రం రేవులో అందరూ చూస్తుండగా అసిరయ్య ఆ పది ముడులూ ఒక్కొక్కటే విప్పాడు. "ఇదేటి, ఓడ కూడా విప్పేస్తాడా" అన్నాడంట ధాన్యం షావుకారు. ఎవరూ నవ్వలేదు. ఉయ్యాల సంగతితో సహా అంతా చెప్పి, తల దించుకుని నిలబడ్డాడు. ముప్పై అందరివీ, పది అసిరయ్యవీ అని తేల్చి, మరి ఓడ ఎవరికిద్దామన్నాడు రేవు పెద్ద గవరయ్య. అప్పుడు లేచిందంట దాలమ్మ, చేతికర్ర పట్టుకుని. "చూసినోళ్లు లేకపోయినా తన తప్పు తనే చెప్పుకున్నాడు. ఇలాటోడు దొరికాక ఇంకోణ్ణి వెతకడం దేనికి? నా జాడీలు వచ్చే ఏడూ ఇతని చేతికే ఇస్తాను" అంది. అని, పారమ్మ వైపు తిరిగి, "ఒలే, ఆ ఉయ్యాల తాడు విప్పేవంటే మాత్రం నేనూరుకోను" అందంట.

మర్నాడు తెల్లారేసరికి ఆ ఇంటిల్లిపాదీ మావిడికాయల గుట్ట చుట్టూ కత్తిపీటలేసుకుని కూచున్నారు. దాలమ్మ ఉయ్యాల పక్కన చేరి, కాలి బొటనవేలితో ఊపుతా అజమాయిషీ. "అసిరిగా, అవి ముక్కల్రా, తెరచాప కొయ్యలా? జీడి తియ్యకుండా వేసేస్తన్నావు" అని తిట్టిపోస్తంటే, తండేలు కుక్కినపేనులా కోసుకున్నాడంట. పది జాడీలూ ఆ పూటకే నిండాయి. ఆవపిండి ఘాటుకి ఉయ్యాల్లో పిల్ల ఒకటే తుమ్ములు. ఆ పిల్లే మా అమ్మ. బతికినన్నాళ్లూ ఆవకాయ ముట్టలేదు మహాతల్లి, ముడి మాత్రం ఎవరేసినా ఓసారి లాగి చూసేది.