ముందు వచ్చినవాడి డైరీ

కోవూరు పోలీసు క్వార్టర్స్‌లో ఎస్సై పెంచలకృష్ణ ఇల్లు. సాయంత్రం. అతనికీ మేనమామ కూతురు సుప్రియకీ పెళ్ళయి పంతొమ్మిది రోజులు. వకీలు ఇప్పుడే ఫోను పెట్టేశాడు.

“మళ్ళీ చెప్పు బావా. వకీలు గారు అన్న మాట అన్నట్టే చెప్పు.”

“గెలిచినామంట. సీనియారిటీ లిస్టులో నరేంద్రబాబు పైన నా పేరు పెట్టమని కోర్టు చెప్పిందంట. సీఐ పోస్టు వాడికి కాదు, నాకు.”

“మూడో నక్షత్రం నేనే తగిలిస్తా. ఎవరినీ ముట్టనీయను. ఈరోజు భలే రోజు బావా. పొద్దున చందువ చేప ముక్కలు పెనానికి అంటుకోలేదు, మధ్యాహ్నం కుళాయిలో నీళ్ళు వచ్చినాయి, ఇప్పుడు ఇది.”

“కుళాయీ నా ప్రమోషనూ ఒకటేనా?”

“ఒకటే. రెండూ రాక రాక వచ్చినాయి.”

“ఇదిగో, ఆర్డరు ఫోన్లోకి పంపినాడు. నువ్వే చదువు, ఆ ఇంగ్లీషు నాకు తెమలదు.”

“కూర్చో, చెప్తా. మీరిద్దరూ ఒకే బ్యాచి. ట్రైనింగు మార్కుల్లో ఆయన నీకంటే ఒక మెట్టు పైన. తోటపల్లి గూడూరు రొయ్యల గుంటల కాడ గొడవ జరిగింది. ఆరోజు తెగించి నిలబడినవాడికే ప్రమోషన్ అన్నారు. నిలబడింది ఎవరనేదే కేసు. అంతేనా?”

“అంతే.”

“పెంచలకృష్ణ గేటు కాడ గుంపుకి ఎదురు నిలబడి ఆపినాడు, భుజానికి కత్తివేటు తగిలింది. నరేంద్రబాబు అంతకు ముందే దెబ్బ తిని పడిపోయినాడు. ఇట్లా స్టేషన్ డైరీలో ఉందంట. అప్పటికప్పుడు రాసింది కాబట్టి దాన్నే నమ్ముతున్నామని జడ్జి గారు రాసినారు. ఈ ముక్క ఫ్రేము కట్టిస్తా బావా. ఒక్కటే తప్పు పడింది.”

“ఏంది?”

“ఎదురు నిలబడినోడికి వేటు ముందు పడాలి కదా. నీ మచ్చ వీపు మీదుంది. దాని మీద చెంప ఆనించుకోనే కదా రోజూ నిద్రపోతుండా.”

“డాక్టరు ఎడమ భుజం అని రాసినాడు.”

“ముందా, వెనకా?”

“ఎవరూ అడగలేదు.”

“నేను అడుగుతుండా.”

“జీపులో తుపాకి ఉంటే, దానికోసం తిరిగినా.”

“తిరిగి?”

“తిరిగి... కాసిని నీళ్ళియ్యి.”

“ఇస్తా. తిరిగి?”

“పరిగెత్తినా. నువ్వు చూసినావా ఆ గుంపుని? కాపలా ముత్యాలయ్య నెత్తిన మా కళ్ళ ముందే గడ్డపార దించినారు. మెత్తగా దిగింది. వాడు అన్నానికి కూర్చున్నట్టు కూర్చోని చచ్చిపోయినాడు.”

“మరి హెడ్ కానిస్టేబులు గంగులయ్య, నువ్వు నిలబడినావని సాక్ష్యం చెప్పినాడే?”

“గంగులయ్య నాకంటే ముందు పరిగెత్తినాడు.”

“నరేంద్రబాబు గారు?”

“వాడు పిచ్చోడు. ఒక్క లాఠీతో నిలబడినాడు. ఇంక చేత కాక గేటు కాడికి వచ్చినాడు.”

“వస్తే?”

“గేటు మూసుంది.”

“ఎవరు మూసినారు?”

“ఆ గుంపు బయటికొస్తే అందరం పోయేవాళ్ళం సుప్రియా.”

“ఎవరు మూసినారు బావా?”

“బయటికొచ్చి గొళ్ళెం నేనే పెట్టినా. కమ్మీలు పట్టుకోని, తియ్యరా కిష్టా, తియ్యరా అన్నాడు. వెనకనుంచి వాళ్ళు చేతుల మీదనే నరికినారు. మూడు వేళ్ళు ఇవతలికి, నా బూట్ల మీద పడినాయి.”

“తీసినావా?”

“లేదు.”

“తర్వాత?”

“పోలీసు వ్యాన్లు వచ్చినాక వాణ్ణి ఆస్పత్రికి మోసుకుపోయినారు. నేను బూట్లు కడుక్కోని స్టేషన్‌కి వచ్చినా.”

“వచ్చి డైరీ రాసినావు.”

“స్టేషన్‌కి ముందు వచ్చినోడే రాయాల. అది పద్ధతి, నేను పెట్టింది కాదు.”

“పారిపోయినోడే కదా బావా ముందు వచ్చేది.”

“వాడికి తెలివి రావడానికి పదకొండు రోజులు పట్టింది. లేచి ఏదో చెప్పినాడు. అప్పటికి నేను రాసింది ఎస్పీ గారి దాకా పోయింది.”

“మా నాయన ఈ కథ చెప్పే కదా నన్ను ఒప్పించింది. కత్తులకి ఎదురు నిలబడినోడమ్మా, నిన్ను గాజుబొమ్మలా చూసుకుంటాడు అన్నాడు.”

“మెల్లగా మాట్లాడు. పక్క ఇంట్లో వింటారు.”

“విననీ.”

“ఫోనిటియ్యి. ఈ మాట గుమ్మం దాటిందా, నిన్ను ఇక్కడే నరికి పోగులు పెడతా.”

“చెయ్యి వదులు. గాజులు పగిలి దిగుతుండాయి.”

“దిగనీ. నెత్తురు నాకు కొత్త కాదు. అప్పీలుకి వాళ్ళకి ముప్పై రోజులుంది. సాక్షి లేక ఓడిపోయినారు. నువ్వు నోరు మూసుకుంటే ఈ ముప్పై రోజులూ గడిచిపోతాయి.”

“నొప్పి బావా.”

“చెప్పనని చెప్పు.”

“ముందు వదులు.”

“వదిలినా. అంతదాకా తెచ్చుకున్నావు. తుడుచుకో. రేపు పదింటికి ఎస్పీ ఆఫీసుకి పోవాల, నువ్వూ రా. అందరూ చూడాల.”

“రాను. రేపు ఫస్టు బస్సుకి సంగం పోతుండా.”

“సంగంలో మనకెవరుండారు?”

“నరేంద్రబాబు గారి ఇల్లుంది. వాళ్ళకి సాక్షి లేదన్నావు కదా. రేపు పదింటికల్లా ఉంటుంది.”