కొండ అంచు దాటిన బుల్‌డాగ్

హాలీవుడ్, 1941. ఒక కార్టూన్ల కంపెనీలో ఆడవాళ్ళు సిరా గీతలు దిద్దే గది. బొమ్మలు గీసే లైల్, కంపెనీ వాళ్ళకి వేసిన తన కొత్త కార్టూన్ ప్రదర్శన ముగియగానే, అక్కడ పనిచేసే థెల్మా బల్ల దగ్గరికొచ్చి ఆమె మీద విరుచుకుపడ్డాడు.

“నువ్వే కదూ? చెప్పు, నువ్వే కదూ?”

“ముందు తలుపు వెయ్యి లైల్. దుమ్ము పడితే బొమ్మలు పాడవుతాయి.”

“దుమ్ము గోల తర్వాత! నేను గీసింది బుల్‌డాగ్‌ని. కొండ అంచు దాటి, గాల్లోనే నిలబడి, గుడ్డ పరుచుకుని సాండ్‌విచ్ తినే బుల్‌డాగ్‌ని. దానికి మన ఓనరు హాగర్టీ మొహం ఎక్కణ్ణించి వచ్చింది? ఆ కనుబొమలు, ఆ చుట్ట, ఆ వేలాడే గడ్డం!”

“నీ పెన్సిల్ గీతల మీద సిరా దిద్దడమే కదా నా పని. చెయ్యి జారిందేమో.”

“జారిందా? కింద పడేదాకా ప్రతి బొమ్మలోనూ జారిందా?”

“ఆ సాండ్‌విచ్ ఆలోచన నాది, లైల్. భోజనాల దగ్గర నీకు చెప్పాను. మర్నాటికల్లా నీదైపోయింది. తెర మీద పేరూ నీదే.”

“అదా! అంతమాత్రానికే ఇంత పగా?”

“అంతమాత్రమా? పియానో మింగిన పిల్లి ఎవరిది? తన గొయ్యి తనే తవ్వుకున్న నక్క ఎవరిది? నాకు ఒళ్ళు మండదూ?... ఇంతకీ నవ్వారా?”

“నవ్వారా ఏంటి! కుర్చీల్లోంచి దొర్లారు.”

“హాగర్టీ?”

“లైట్లు వేయించాడు. ‘ఎవరి ఆలోచన ఇది?’ అన్నాడు.”

“నువ్వేమన్నావ్?”

“అదీ...”

“ఏమన్నావ్, లైల్?”

“నాదేనన్నాను.”

“అయ్యో పాపం! తెర చూళ్ళేదా?”

“నేను జనం మొహాలు చూస్తున్నా! అంతలా నవ్వుతుంటే మెచ్చుకోడానికే అడిగాడనుకున్నా. లేచి, టై సర్దుకుని మరీ చెప్పాను. అప్పుడు నన్ను పక్కన కూర్చోబెట్టుకుని రీలు మళ్ళీ వేయించాడు.”

“చెప్తావని నాకు తెలుసు. నీకు అలవాటేగా.”

“సాయంత్రానికల్లా వెళ్ళిపొమ్మన్నాడు. ఈ ఊళ్ళో ఇంకెవరూ పనివ్వకుండా చూస్తానన్నాడు. తల్లీ, నీ కాళ్ళు పట్టుకుంటా! ఆ జోకు నీదని ఆయనతో చెప్పు.”

“చెప్తాను, పద. అయినా నమ్ముతాడంటావా?”

“ఎందుకు నమ్మడు?”

“నన్ను జోకులు అల్లే కథల గదిలోకి రానివ్వమని నేనడిగిన రోజు, ఆడదాని బుర్రలో జోకు పుట్టదని ఆయనకి నచ్చజెప్పింది నువ్వే కదా.”