చిన్నరాణి జేబు

రాయదుర్గం జీన్స్ యూనిట్‌లో మధ్యాహ్నం అన్నాల వేళ మిషన్లు ఆగాయి. ఆ యూనిట్‌లో కుట్టుపని చేసే సారా, రేపు అనంతపురంలో ఆడే నాటకంలో రాజుగారి ఎందరో రాణుల్లో చిన్నరాణి వేషం వేస్తోంది. టైలర్ జమాల్ సాబ్ కుట్టి తెచ్చిన పొడుగు జరీ గౌను తొడుక్కుని, ఆమె రెండు పక్కలా తడుముకుంది.

"సాబ్, దీనికి జేబు యాడ?"

"రాణికి జేబెందుకు పాపా? పొద్దస్తమానం ప్యాంట్లకు జేబులు కుట్టీ కుట్టీ నీకు అదే ధ్యాస."

"నాటకమంతా అంతఃపురంలో నిలబడి రాజు కోసం ఎదురుచూడాల. చేతులు యాడ పెట్టుకునేది?"

"ముందర కట్టుకోని, తల వంచుకోని నిలబడు. రాణులు అట్లే నిలబడేవాళ్లు."

"అంతమంది రాణుల్లో నేనూ అట్లే నిలబడితే నన్ను ఎవరు చూస్తారు?"

"ఆమెకు నగలు, మేడలు, దాసీలు అన్నీ రాజే ఇచ్చినాడు. ఇంక జేబులో దాచుకునేదానికి ఏముండాది?"

"అందుకే అడుగుతాండా. అన్నీ ఆయప్ప ఇచ్చినవే. ఆయప్పకు కనపడని చోటు ఒకటన్నా ఆమెకు ఉండాల గదా?"

సాబ్ కత్తెర అందుకున్నాడు. కుడిపక్క కుట్టు విప్పి, నీలం జీన్స్ గుడ్డతో జేబు పెట్టి ఇచ్చాడు. సారా అందులో చెయ్యి పెట్టుకుని, గడ్డమెత్తి నిలబడింది.

"బాగుండాది. రాజు వచ్చినప్పుడు మాత్రం చెయ్యి బయటికి తియ్యి."

"తియ్యను సాబ్. లోపల ఏముండాదని ఆయప్పే అడగాల."

"ఏముండాది?"

"ఏమీ లేదు. ఆ సంగతి ఆయప్పకు తెలీదు గదా!"