కొడుకు గిన్నె

1942 అక్టోబరు. జపాన్‌లోని యొకొసుకా రేవులో ఓ ఇల్లు. అకాగీ అనే నౌకాదళపు ఓడ మీదున్న కొడుకు క్షేమం కోరి తల్లి రోజూ వాడి గిన్నెలో అన్నం పెడుతుంది. అదే ఓడలో పనిచేసి, చేతులు కాలి వచ్చిన వాడి స్నేహితుడు ఎదురుగా కూర్చున్నాడు.

“అకాగీ ఇంకా తేలుతోందా?”

“మునగడానికి అదేమన్నా చేపల పడవా, పిన్నీ?”

“యుద్ధనౌక అవ్వాల్సినదాన్ని మధ్యలో విమానాల ఓడగా మార్చినప్పుడు, రివెట్లు కొట్టింది మీ బాబాయేరా. ఆయన మీద ఒట్టేసి చెప్పు.”

“ఓడ సంగతి నోరు విప్పితే నేవీ వాళ్లు జైల్లో వేస్తారు, పిన్నీ.”

“విప్పకు. ఈ అన్నం తినే పుల్లలు పెట్టు. వాడు బతికుంటే గిన్నె పక్కన పెట్టు, పోయుంటే చచ్చినవాళ్లకి పెట్టినట్టు అన్నంలో నిలబెట్టు.”

అతను నిలబెట్టాడు.

“ఎప్పుడు?”

“జూన్‌లో.”

“నాలుగు నెలలు! వచ్చినప్పుడల్లా వాడి అన్నం నీకే పెట్టాను కదరా. ఎలా మింగుడుపడిందిరా నీకు?”