నోట్‌బుక్‌లో లేని మాట

కొండాపూర్ ఫ్లాట్ బాల్కనీలో భార్య ఫోన్ పెట్టేసేదాకా అతను కాఫీ కప్పుతో గుమ్మంలోనే నిలబడ్డాడు. కాఫీ ఎప్పుడో చల్లారిపోయింది.

"జశ్వంతేనా?"

"ఆఁ. మేమిద్దరం తయారుచేస్తున్న వీడియో గేమ్‌లో కాలప్రయాణం చేసేవాళ్ల భాష ఇంకా పూర్తవలేదు."

"మీరే కనిపెట్టి మీరే మాట్లాడుకుంటారు. నా పక్కనే కూర్చుని నన్ను తిట్టుకున్నా నాకు తెలీదు."

"నిన్ను తిట్టడానికి కొత్త భాషెందుకు? తెలుగు చాలు."

"నువ్వా భాష రాసుకునే నోట్‌బుక్‌ని ఫొటోలు తీసుకున్నాను. ఇరవై రోజులు ఆఫీసు బస్సులో కూర్చుని కంఠతా పట్టాను."

"అయ్యో! ఎందుకూ?"

"కుళ్లు పుట్టి. మూడో పేజీకొచ్చాక సిగ్గేసింది. కాలంలో తిరిగి తిరిగి అలిసిపోయినవాళ్లు, తాము వెనక్కి వెళ్లాలనుకునే రోజుని ఒక మాటతో పిలుచుకుంటారని రాశావు. ఆ మాట నా పేరే కదా!"



"అది మొదట్లో రాసింది. తర్వాత మార్చేశాం."

"ఏమని?"

ఫోన్ మళ్లీ మోగింది, జశ్వంతే. ఆమె ఫోన్ ఎత్తి అటు తిరిగి, ఆ భాషలో మెల్లగా ఒకే ఒక్క మాట పలికింది. అతను నోట్‌బుక్ మొత్తాన్నీ మనసులో తిరగేశాడు. ఆ మాట ఎక్కడా లేదు.